పిచ్చి సార్ పెండ్లాం

మా ఆయనకు పిచ్చి పట్టిందని నాకు మొదట చెప్పింది, దొర్నిపాడు నుంచి జాకెట్టు గుడ్డ కోసం వచ్చిన ఒకామె.

ఆళ్లగడ్డలో మాకు మ్యాచింగ్ సెంటర్ ఉంది. జాకెట్టు గుడ్డలు, ఫాల్సు, లంగాలు, దారాలు అమ్ముతాం. మా మామ పెట్టిన అంగడి. మా ఆయనకు దాని మీద ఏనాడూ మనసు లేదు. నంద్యాలలో ఒక ప్రైవేటు డిగ్రీ కాలేజీలో ఇంగ్లీషు చెప్పేవాడు. పొద్దున బస్సుకు పోయి సాయంత్రం బస్సుకు వచ్చేవాడు. అంగడి చూసుకునేది నేనే.

ఆమె తెచ్చింది నెమలికంఠం రంగు చీర. నేను ఒక్కో తాను దించి అంచు పక్కన పెట్టి చూపిస్తుంటే, ఆమె గుడ్డను చూడకుండా నా మొహాన్నే చూస్తోంది. కాసేపటికి గొంతు తగ్గించి, "అన్నకు ఎట్లుంది శెట్టెమ్మా, రవ్వంత నయమా?" అని అడిగింది.

ఆయనకేమైంది, బాగానే ఉన్నాడు కదా అన్నాను. ఆమె జాలిగా తలాడించింది. వాళ్ల పాప ఆ కాలేజీలోనే చదువుతోందట. సార్‌కు మతి చలించిందని కాలేజీ అంతా చెప్పుకుంటున్నారట. రష్యా పుస్తకాలు ఎక్కువ చదివి అట్లా అయిందట. కర్నూలులో మంచి డాక్టర్లు ఉన్నారు, ఆలస్యం చేయొద్దని నా చెయ్యి పట్టుకుని మరీ చెప్పింది. ఆ చెయ్యి నేను విదిలించుకోలేదు. గుడ్డ కోసి, మడిచి, కవర్లో పెట్టి ఇచ్చాను. ఆమె మెట్లు దిగి పోయాక, దించిన తానులన్నీ అరల్లోకి విసిరి కొట్టాను. అంత కోపం వచ్చింది.

ఆ కోపం ఇంకా పోలేదు. పోవాలని నాకు కోరికా లేదు. అందుకే రాస్తున్నాను.

రష్యా పుస్తకాల సంగతి ముందు చెప్పాలి. మా ఆయన పెళ్లికి ముందు నుంచీ ఒకే ఒక్క రచయిత వెంట పడ్డాడు. పాతకాలపు రష్యా నాటకకర్త. ఆ పేరు నాకు నోరు తిరగదు. మా ఇంట్లో ఆయన్ను 'రష్యా ఆయప్ప' అనే అంటాం. పేరు మోసినవాళ్లు బండెడు రాస్తారు గదా, ఈ ఆయప్ప నిలబడేట్టు రాసింది ఒక్క నాటకం. ఆయన బతికుండగా దాన్ని పూర్తిగా అచ్చు వేయనివ్వలేదు, పెద్ద నాటకశాలల్లో ఆడనివ్వలేదు. జనమే చేత్తో నకళ్లు రాసుకుని ఒకరికొకరు ఇచ్చుకున్నారట. ఆయన పోయి రెండు వందల ఏళ్లు కావస్తోంది. ఆ దేశంలో ఇప్పటికీ ఆడుతూనే ఉన్నారు. అందులోని మాటలు అక్కడ సామెతలైపోయాయని మా ఆయన చెబుతాడు.

ఆ ఒక్కడి మీద మా ఇంట్లో ఒక అల్మారా అర నిండా పుస్తకాలు. హైదరాబాదులో కోఠి ఫుట్‌పాత్ మీద దొరికిన అట్ట లేని జీవిత చరిత్ర ఒకటి. సోవియట్ కాలంలో అచ్చయిన బరువైన పుస్తకం ఇంకొకటి. ఆ నాటకాన్ని ఏయే ఊళ్లలో ఎట్లా ఆడారో దాని నిండా ఫొటోలు. ఇంటర్నెట్లో దొరికినవన్నీ నంద్యాల జిరాక్సు అంగట్లో ప్రింటు తీయించి, స్పైరల్ వేయించి పెట్టాడు. అంగడి సరుకు అట్టపెట్టెలు పెట్టుకోను చోటు లేక నేను ఏడుస్తుంటే ఆ అరను మాత్రం ముట్టనివ్వడు. మొదట్లో ఆ పుస్తకాల మీద నాకు సవతి మీద ఉండేంత మంట ఉండేది.

కథ చాలాసార్లు చెప్పాడు. ఒకబ్బాయి ఏళ్ల తరబడి దేశాలు తిరిగి సొంత ఊరికి వస్తాడు. చిన్నప్పుడు ఒక పెద్ద ఆఫీసరు ఇంట్లో పెరిగినవాడు, ఆ ఆఫీసరు కూతురంటే ప్రాణం. వచ్చినవాడు ఊరకే ఉండడు. పదవుల కోసం కాళ్లు పట్టుకోవడం, పనివాళ్లను పశువుల్లా అమ్ముకోవడం, కళ్లకు కనిపించినవన్నీ మొహం మీదే అనేస్తాడు. ఆ పిల్ల మనసు అప్పటికే ఇంకొకడి మీద ఉంది. ఇతని మాటలకు ఒళ్లు మండి, బుర్ర సరిగా లేదేమో అన్నట్టు ఒక మాట జారవిడుస్తుంది. ఆ సాయంత్రం ఆ ఇంట్లో విందు. విందు అయ్యేలోపు ఆ మాట చెవి నుంచి చెవికి పోయి, అతనికి పిచ్చి అన్నది అందరికీ తెలిసిన సంగతి అయిపోతుంది. ఎందుకు పిచ్చెక్కిందో ఒక్కొక్కరు ఒక్కో కారణం చెబుతారు. చివరికి అతను ఊరు విడిచి పోతాడు.

మొదటిసారి విన్నప్పుడు, అంతేనా అని అడిగాను. ఇంత చిన్న సంగతికి అన్ని పుస్తకాలు ఎందుకు రాశారో నాకు తలకెక్కలేదు.

ఈ పిచ్చి మాట పుట్టిన ఏడు, కాలేజీ వార్షికోత్సవానికి మా ఆయన ఆ నాటకాన్ని పిల్లలతో ఆడించాడు. తానే తెలుగు చేశాడు. మన నంద్యాల మాటలోనే చేశాడు గానీ ఊరు రష్యాదే ఉంచాడు, మనుషులనూ రష్యావాళ్లనే ఉంచాడు. దొరసానుల గౌన్లకు గుడ్డ మా అంగడిదే. నేనూ అంగడి మూసి చూడను పోయాను.

నాటకంలో ఒకచోట ఆ పెద్ద ఆఫీసరు, ఈ కాలపు కుర్రాళ్లకు పైకి రావడం తెలియదని విసుక్కుంటూ తన చిన్నాయన కథ చెబుతాడు. ఆ చిన్నాయన రాణిగారి కొలువులో వంగి దండం పెట్టబోయి బోర్లా పడతాడు. రాణి నవ్వుతుంది. ఆమె నవ్వింది కదా అని ఈయన కావాలని ఇంకోసారి పడతాడు, మళ్లీ పడతాడు. అట్లా పడిపడీ పెద్దవాడైపోతాడు. మా ఆయన ఇది మాటల్లో చెప్పించకుండా ఒక కుర్రాడితో పక్కన ఆడించి చూపించాడు.

ఇదంతా ఆ రష్యా ఆయప్ప ఎప్పుడో రాసింది. కానీ అంతకు కొన్నాళ్ల ముందు కాలేజీ యజమాని కరస్పాండెంటు పుట్టినరోజు నాడు, ఆ కాలేజీ వైస్ ప్రిన్సిపాలు ఆయన కాళ్లకు దండం పెట్టబోయి, తివాచీ అంచు తట్టుకుని స్టేజీ మీదే పడ్డాడు. కరస్పాండెంటు కడుపు పట్టుకుని నవ్వాడు. పిల్లలందరూ చూశారు. ఆ సంగతి మా ఆయనకు తట్టనే లేదు. పిల్లలకు తట్టింది. నాటకంలో కుర్రాడు మళ్లీ పడేసరికి హాలు గొల్లుమంది, అందరి తలలూ ఒక్కసారిగా ముందు వరస వైపు తిరిగాయి. వైస్ ప్రిన్సిపాలు చెవులు ఎర్రబడటం వెనక కూర్చున్న నాకే కనబడింది. కరస్పాండెంటు ఈసారి నవ్వలేదు. ఆయన పక్కన నవ్వుతున్నవాళ్లు ఆయన మొహం చూసి నవ్వు మింగేశారు.

దొర్నిపాడు ఆమె మా అంగడికి వచ్చింది ఆ తర్వాతి వారం. సాయంత్రం ఆయన బస్సు దిగి వస్తే అడుగుదామని కూర్చున్నాను. అడిగే పని లేకపోయింది. ఆ రోజే కరస్పాండెంటు ఆయన్ను గదికి పిలిచాడట. చాలా మర్యాదగా మాట్లాడాడట. బాగా అలిసిపోయినట్టున్నారు, కొన్నాళ్లు రెస్టు తీసుకోండి, బాగున్నట్టు డాక్టరు దగ్గర కాగితం తెచ్చి మళ్లీ చేరండి అన్నాడట. నాకు జ్వరం కూడా రాలేదే, ఏం కాగితం సార్ అని ఈయన అడిగితే, కరస్పాండెంటు తన కణత మీద వేలు పెట్టి చూపించాడట.

ఇది చెబుతూ మా ఆయన నవ్వాడు. చెప్పులు కూడా విడవకుండా అల్మారా దగ్గరకు పోయి ఆ జీవిత చరిత్ర తీసి, పేజీలు తిప్పుతూ, ఈ నాటకం ఇన్నాళ్లు ఎందుకు బతికిందో ఇప్పుడు తెలిసిందా అన్నాడు. పరీక్షలో తాను అనుకున్న ప్రశ్నే వచ్చినట్టుంది ఆయన సంతోషం.

"ఆయప్ప నాటకం బతికింది సరే, మీ ఉద్యోగం చచ్చింది," అన్నాను.

కాగితం తేనన్నాడు. బుద్ధి ఉన్నట్టు కాగితం తెచ్చుకునేంత బుద్ధిహీనుడిని కాను అన్నాడు. ఆ పంతం నాకు నచ్చింది, ఒళ్లూ మండింది.

ఆ తర్వాత అంగట్లో నేను విన్నవి అన్నీ ఇన్నీ కావు. బస్టాండులో తనలో తాను మాట్లాడుకుంటాడంట. నిజమే, నాటకంలో మాటలు వల్లె వేసుకునేవాడు. గుట్టుగా కర్నూలు పోయి వచ్చినాడంట. నిజమే, కళ్లద్దాలు మార్చుకోను పోయాడు. చిన్నప్పుడు తలకు దెబ్బ తగిలిందంట. వాళ్ల వంశంలోనే ఉందంట. ఎవరో చచ్చిన రష్యావాడు పట్టినాడంట, తాయెత్తు కట్టిస్తే పోతాడంట. చెప్పినవాళ్లందరూ నా మంచి కోరి చెప్పినవాళ్లే. ఒక్కరూ ఆయన్ను పలకరించి చూడలేదు. ఎప్పుడైనా ఆయన అంగట్లో కూర్చుంటే, నెమ్మదిగా మాట్లాడినప్పుడు మందులు పనిచేస్తాండాయి అనుకున్నారు. గొంతు పెంచితే మందులు ఆపినట్టుండారు అనుకున్నారు.

మా అన్నకు నంద్యాలలో ఎరువుల అంగడి. ఆయనా వచ్చాడు. నన్ను లోపలికి పిలిచి, కర్నూలు డాక్టరు తనకు తెలిసినవాడేనని, మూడో కంటికి తెలియకుండా చూపిస్తానని అన్నాడు. మీ బావకు ఏమీ లేదన్నా అని చెప్పాను. వినలేదు. పోతూ పోతూ మెట్ల మీద నిలబడి, "బావను అంగట్లో కూసోబెట్టగాకు, గిరాకీ పోతాది," అన్నాడు. నా తోడబుట్టినవాడు. ఆ రోజు నుంచి ఇప్పటి దాకా నేను వాళ్ల గడప తొక్కలేదు.

మధ్యాహ్నం పూట అంగట్లో జనం ఉండరు. ఆ వేళలో నేను ఆ అట్ట లేని పుస్తకం చదవడం మొదలుపెట్టాను. నా చదువు బీకాం. ఇంగ్లీషు మెల్లగా కూడబలుక్కుని చదవాలి. నా మొగుడి నోటి కాడి కూడు తీసిన మనిషి ఎవరో నేనూ చూడాలనిపించింది. ఆ ఆయప్పను కూడా ఒక విందులో పిచ్చోడన్నారని, ఆ కసితోనే నాటకం రాశాడని ఒక కథ ఉందట. నిజమో కాదో తెలియదని పుస్తకం రాసినాయనే అన్నాడు. నాకైతే నిజమే అనిపించింది. కసి లేకుండా అట్లాంటి నాటకం ఎవరూ రాయలేరు.

నాకు ఆయప్ప కన్నా ఆయన పెండ్లాం ఎక్కువ పట్టుకుంది. పదహారేళ్ల పిల్ల. పెళ్లయిన కొన్ని నెలలకే ఆయన్ను ప్రభుత్వం రాయబారిగా పక్క దేశానికి పంపింది. అక్కడ జనం గుంపుగా వచ్చి చంపేశారు. కడుపుతో ఉన్న ఆ పిల్లకు ఆ సంగతి చాన్నాళ్లు చెప్పనే లేదు. చెప్పాక బిడ్డ కూడా దక్కలేదు. మళ్లీ పెళ్లి చేసుకోకుండా బతికినన్నాళ్లూ అట్లాగే ఉండిపోయింది. అంత లావు పుస్తకంలో ఆమెకు ఇచ్చింది రెండు పేజీలు. ఆ రెండు పేజీల నిండా ఓర్పు, గొప్ప మనసు, దేవత. ఆమెకు కోపం వచ్చిందా, ఎవరి మీద వచ్చింది, అది మాత్రం ఏ పుస్తకంలోనూ లేదు. మా ఆయన్ను అడిగాను. ఆ ప్రశ్న తనకెప్పుడూ రాలేదన్నాడు. మీకు రాదులే అన్నాను.

నెలలు పోయేకొద్దీ ఆయనలో ఆ మొదటి హుషారు తగ్గింది. పొద్దున బస్సు వేళకు లేచి, స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని కుర్చీలో కూర్చునేవాడు. పుస్తకాల అర వైపు చూడడం మానేశాడు. నాలుగు మాటలు గట్టిగా మాట్లాడాలంటే ముందు నా వైపు చూసేవాడు. ఒకరోజు అన్నం తింటూ తింటూ చెయ్యి ఆపి, "ఏమే, నేను నిజంగా ఏమన్నా తేడాగా ఉండానా? ఉంటే నువ్వన్నా చెప్పు," అని అడిగాడు.

వాళ్లు గెలిచారని నాకు అప్పుడు తెలిసింది. ఊరంతా ఆయన్ను పిచ్చోడనడం ఒక ఎత్తు, ఆయన నన్ను ఆ మాట అడగడం ఒక ఎత్తు. ఆ మాట ఎవరి నోట పుట్టిందో చూసి తీరాలని మరుసటి రోజే అంగడి మూసి నంద్యాల బస్సెక్కాను.

ముందు హాస్టలుకు పోయి దొర్నిపాడు ఆమె కూతుర్ని పిలిపించాను. ఆ పిల్ల భయపడి, సార్ దగ్గరకు ఒంటరిగా పోవద్దని వార్డెనమ్మ చెప్పింది మేడమ్, నేనేమీ అనలేదు అంది. వార్డెనమ్మను అడిగితే ఆమె నేల చూపులు చూసి, వైస్ ప్రిన్సిపాలు భార్య చెప్పిందంది. నేను భార్య దగ్గరకు పోలేదు, మొగుడి గదికే పోయాను. ఆయన కుర్చీ చూపించాడు, నీళ్లు తెప్పించాడు. నేను నిలబడే అడిగాను. ఆయన చేతులు రెండూ బల్ల మీద పెట్టి, తనకు నాటకం రోజు బాధ కలిగిన మాట నిజమే గానీ ఆ మాట తన నోట పుట్టలేదన్నాడు. "అన్నది మీ ఆయన ప్రాణస్నేహితుడేనమ్మా. కరస్పాండెంటు ముందర, నేను ఉండగానే అన్నాడు."

ఆ స్నేహితుడు అదే కాలేజీలో కామర్సు చెబుతాడు. పెళ్లి కాక ముందు మా ఆయనా అతనూ ఒకే గదిలో ఉన్నారు. మా ఇంట్లో అతను తిన్న బొరుగుల ఉగ్గానికి లెక్క లేదు. మా పిల్లకు అక్షరాభ్యాసం నాడు పలక పట్టించింది అతనే. అతను కాదంటాడని, వైస్ ప్రిన్సిపాలు అబద్ధం బయటపడుతుందని దారి పొడవునా అనుకుంటూ రైలు స్టేషను దగ్గరున్న వాళ్లింటికి ఆటోలో పోయాను.

అతను కాదనలేదు. వరండాలో కుర్చీ వేసి, నా మొహం చూడగానే ఎందుకొచ్చానో తెలిసిపోయినట్టు తల వంచుకున్నాడు.

"ఆ దినం కరస్పాండెంటు పోలీసు కంప్లయింటు ఇస్తానన్యాడు వదినా," అన్నాడు. "పిల్లోళ్లను కాలేజీ మీదికి రెచ్చగొట్టినాడని. కాగితం రాపిస్తాండాడు. నాకు ఏం చేయాల్నో తెలీలేదు. ఆయనకు ఈ మధ్య మనసు బాగలేదు సార్, పట్టించుకోగాకండి అన్యా. అంతే. పిచ్చోడంటే వదిలేస్తారని."

"వదిలేసినారా?"

అతను ఎవరైనా వింటున్నారేమోనని గేటు వైపు చూశాడు.

"పోలీసులు వచ్చింటే ఆయనకు నోరుండేది. ఆ రాసింది నేను గాదు, రెండు నూర్ల ఏండ్ల కిందటోడు రాసినాడు అని చెప్పుకునేటోడు. నువ్వు ఆ నోరే తీసేసినావు. ఇప్పుడు ఆయన నిజం చెప్పినా పిచ్చే, ఊరకుండినా పిచ్చే. దొంగ అని ఉంటే దొంగ కాదని చూపించుకోవచ్చు. పిచ్చోడు కాదని ఎట్ల చూపించుకునేది, నువ్వే చెప్పు."

మంచికే అన్నా వదినా, అని గొణిగాడు.

"ఆ దినమే వచ్చి మాకు చెప్పింటే మంచికే అనుకునేదాన్ని. నెలల తరబడి మా ఇంటికొచ్చి, నా చేతి టీ తాగి, ఎవురన్యారో ఏమో అని మాతో పాటు నువ్వూ తిట్టినావు."

అతను ఏడ్చాడు. మగవాడు ఏడిస్తే కరిగిపోతామని అనుకుంటారు. నాకు ఇంకా మండింది. లేచి వచ్చేశాను. ఆ నాటకంలో పిల్ల ఆ మాట కోపంతో అంది. కోపంతో అన్నందుకు ఆమెను క్షమించొచ్చు. భయంతో అని, దానికి స్నేహం అని పేరు పెట్టినవాణ్ని ఏం చేయాలి?

ఇంటికి వచ్చి మా ఆయనకు చెప్పాను. ఆయన అంతా విని, "పాపం, వాడు నన్ను కాపాడాలనుకున్నాడు," అన్నాడు. నాకు వచ్చిన కోపానికి చేతిలో ఉన్న గ్లాసు గోడకేసి కొట్టాను. ఎవరూ తప్పయిందని అనకముందే ఈయనే అందరినీ క్షమించేస్తాడు. అట్లాంటివాడు ఆ నాటకం ఎట్లా ఆడించాడో నాకు ఇప్పటికీ తెలియదు.

అయితే ఆ రోజే నాకు ఒక సంగతి తేలిపోయింది. ఆ నాటకం మళ్లీ ఆడాలి. అందరూ చూస్తుండగా ఆడాలి. ఆయన వద్దన్నాడు. మీరు ఊరకుండండి, ఇది నా పని అన్నాను.

మా వాళ్ల కల్యాణ మండపం అడిగాను. కమిటీ పెద్దాయన నన్ను చిన్నప్పటి నుంచి ఎరిగినవాడే. సార్ ఆరోగ్యం కుదుటపడనీమ్మా, అప్పుడు బ్రహ్మాండంగా చేద్దాం అన్నాడు. నేను గట్టిగా మాట్లాడాను. ఆయన పక్కనున్నాయన వైపు ఒక చూపు చూశాడు. ఆ చూపుకు అర్థం నాకు తెలుసు. ఇక నాకు కూడా పట్టిందని రేపు చెప్పుకుంటారు.

చివరికి నంద్యాలలో మా మేనమామ రైస్ మిల్లుకు పోయాను. ఆయన నాటకం అంటే ఏందో కూడా సరిగా వినలేదు. "మిల్లు నాది. ఎవురన్నా ఏమన్నా అంటే నా దగ్గరికి పంపు. ఆదివారం బాయిలరు ఆపుతా, కళ్లం ఊడిపిస్తా," అన్నాడు. ఉడకబెట్టిన వడ్లు ఆరబోసే సిమెంటు కళ్లమే మాకు స్టేజీ అయింది.

ఆ నాటకంలో ఆడిన పిల్లల్లో సగం మంది చదువు అయిపోయి పోయారు. ఫోన్లు చేస్తే వచ్చారు. ఒకడు బ్యాంకులో, ఒకడు సెల్ ఫోన్ అంగట్లో పని. ఆఫీసరు కూతురి వేషం వేసిన పిల్ల ఆళ్లగడ్డలో శిల్పాలు చెక్కే వాళ్లమ్మాయి, నాన్నను వెంటబెట్టుకుని వచ్చింది. పిచ్చి మాటను విందులో అందరికీ చేరవేసే ముసలి దొరసాని ఒకతె ఉంది నాటకంలో. ఆ వేషం వేసిన పిల్లను మాత్రం వాళ్లమ్మా నాన్నా పంపలేదు. ఎవరితో వేయించాలని మా ఆయన తల పట్టుకుంటే, నేను వేస్తానన్నాను. జన్మలో స్టేజీ ఎక్కినదాన్ని కాదు. కానీ ఆ మాట ఎట్లా అంటారో నాకన్నా బాగా ఎవరికి తెలుసు?

అంగడికి వచ్చిన ప్రతి ఒక్కరికీ చెప్పాను, ఆదివారం సాయంత్రం రండి అని. చాలామంది వచ్చారు. పిచ్చోడు ఆడించే నాటకం చూడాలని వచ్చినవాళ్లే ఎక్కువ. మిల్లు హమాలీలు గోనె సంచుల మీద కూర్చున్నారు. నేను మొహానికి పౌడరు కొట్టుకుని, గౌను వేసుకుని, విసనకర్ర పట్టుకుని వచ్చాను. ఒకరి దగ్గరికి పోయి గొంతు తగ్గించాను. చెయ్యి పట్టుకున్నాను. జాలిగా తలాడించాను. నయమవుతుందిలే, మంచి డాక్టర్లుండారు అన్నట్టు చూశాను. మా అంగట్లో నాకు ఎట్లా చెప్పారో అక్షరం పొల్లు పోకుండా అట్లాగే చేశాను. జనం నవ్వారు. పగలబడి నవ్వారు. నేను ముందు వరసలో నా గిరాకీలనే చూస్తూ చేశాను. ఇప్పుడు తల దించుకుంటారు, ఇప్పుడు సిగ్గుపడతారు అనుకుంటూ చేశాను.

నాటకం అయ్యాక దొర్నిపాడు ఆమె నా దగ్గరకు వచ్చింది. కళ్లు తుడుచుకుంటోంది, నవ్వీ నవ్వీ. "ఆ ముసల్దాన్ని భలే చేసినావు శెట్టెమ్మా. మా ఊర్లో ఉంది ఒకతె, అచ్చం అట్లనే. నోట్లో నువ్వుగింజ నానదు," అంది.

ఒక్కరంటే ఒక్కరు తమను గుర్తుపట్టలేదు. అందరికీ పక్కింటామె కనబడింది. నాటకం బతికిందని మా ఆయన సంబరపడతాడు గానీ, ఇట్లాంటి జనం ఉన్నన్నాళ్లు అది బతకక ఏం చేస్తుంది? అద్దం చూపిస్తే వెనక ఎవరున్నారో అని తిరిగి చూసే జనం.

ఆ కామర్సు స్నేహితుడు కూడా వచ్చాడు. చివర, వడ్ల బస్తాల పక్కన నిలబడి చూశాడు. మా ఆయన పోయి అతని భుజం మీద చెయ్యి వేశాడు. ఇద్దరూ ఏదో మాట్లాడుకున్నారు. నేను పౌడరు కడుక్కోను నీళ్ల తొట్టి దగ్గరికి పోయాను.

కొత్త విద్యా సంవత్సరం మొదలైన కొన్నాళ్లకు మా అంగడి ముందు కారు ఆగింది. కరస్పాండెంటు దిగాడు, చేతిలో మిఠాయి డబ్బా. కాలేజీని చూసి గ్రేడు ఇవ్వను పెద్ద కమిటీ వస్తోందట. ఇంగ్లీషుకు మంచి మనిషి దొరకలేదట. సార్ ఆరోగ్యం బాగైందని విన్నాం, చాలా సంతోషం అన్నాడు. కమిటీ ముందు ఆ రష్యా నాటకం వేయిస్తే కూడా బాగుంటుందన్నాడు. ఎవరు చెప్పారని అడిగాను. అందరూ అనుకుంటాండారు గదమ్మా అన్నాడు. పిచ్చి ఎట్లా వచ్చిందో అట్లాగే పోయింది, ఊరి నోట్లో. ఈసారి ఏ డాక్టరు కాగితమూ అడగలేదు.

మా ఆయన చేరతానన్నాడు.

కరస్పాండెంటు పోయాక నేను అరిచాను. ఒక్క మాట, తప్పయింది అని ఒక్క మాట అన్నాడా ఆ మనిషి? అది లేకుండా ఎట్లా పోతారు? ఆ నాటకంలో అబ్బాయి అందరి మొహాన ఛీకొట్టి పోయినాడు గదా, మీరు ఇన్నేళ్లు చదివింది ఏందీ?

ఆయన చొక్కా చేతులు మడుచుకుంటూ మెల్లగా అన్నాడు. "వానికి పోను దేశాలుండాయే. నేను యాడికి పోతా? నాకుండేది నంద్యాల, ఆడ నా పిల్లోళ్లు."

ఆయన మళ్లీ పొద్దున బస్సుకు పోయి సాయంత్రం వస్తున్నాడు. కమిటీకి నాటకం మాత్రం వేయించలేదు, అంతవరకు మేలు. రష్యా ఆయప్ప మీద తెలుగులో ఒక పుస్తకం రాస్తున్నాడు. స్నేహితుడు ఆదివారాలు వస్తాడు. వాళ్లిద్దరూ మిద్దె మీద కూర్చుంటారు. టీ ఆయనే పెట్టుకుంటాడు, నేను పెట్టను. ఇంకెన్నాళ్లే అని ఒకసారి అడిగాడు. నాకు తెలియదన్నాను.

ఈ మధ్య కాలేజీ పిల్లలిద్దరు అంగడికి వచ్చారు. నన్ను ఎరగరు. ఫాల్సు ఎంచుకుంటూ ఒకమ్మాయి రెండో అమ్మాయితో, పిచ్చి సార్ క్లాసు ఉంది, బేగా పోదాం, ఆయన చెప్తాంటే కదలబుద్ధి కాదు అంది. ప్రేమగానే అంది. కాలేజీలో ఆ పేరు ఇప్పుడు ముద్దు పేరైపోయిందట. నేను ఆ ఫాల్సు ఆమె చేతిలోంచి తీసుకుని, మళ్లీ చుట్టి, అరలో పెట్టేసి, మా అంగట్లో నీకు గుడ్డ అమ్మను, దిగిపో అన్నాను.